పూతరేకుకి చివరిగా తగిలేది మన చెయ్యే

సంక్రాంతి ఇంకా పన్నెండు రోజులుందనగా ఒక మధ్యాహ్నం నా ఫోనుకి ఫోటో వచ్చింది. తెరిచి చూస్తే మా పూతరేకే. మడత సగం విప్పి ఉంది. లోపల బెల్లం పొడి, జీడిపప్పు పలుకులు, వాటి మీద అడ్డంగా ఒక పొడవాటి వెంట్రుక. రేకు తెల్లగా, కాగితం కంటే పలచగా ఉంటుంది కదా, దాని మీద ఆ వెంట్రుక పెన్నుతో గీత గీసినట్టు కనబడింది. వేరే మిఠాయిలో అయితే కలిసిపోయేదేమో. పూతరేకులో ఏదీ దాగదు.

పంపింది హైదరాబాదులో మేం సరుకు వేసే ఒక స్వీటుషాపు యజమాని. కాసేపాగి ఆయనే ఫోన్ చేశారు. కేకలేస్తారనుకున్నాను, వెయ్యలేదు. "అమ్మా, మీ సరుకు రుచికి వంక పెట్టడానికి లేదు. కానీ ఈ ఫోటో తీసినావిడ జన్మలో మళ్ళీ పూతరేకు ముట్టుకోదు" అన్నారు. ఆ లాటులో అరవై పెట్టెలు వెనక్కి వచ్చేశాయి. పండగ తర్వాత మళ్ళీ సరుకు పంపాలంటే పనిచేసే ప్రతి మనిషికీ డాక్టరు సర్టిఫికెట్టు ఉండాలన్నారు. మాలో ఒకరైనా ఆహార భద్రత శిక్షణ తీసుకుని ఉండాలన్నారు. అందరికీ టోపీలు, ఏప్రాన్లు ఉండాలన్నారు. అవన్నీ అయ్యాక వాళ్ళ మనిషి వచ్చి షెడ్డు చూసి వెళ్తారట.

ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. ఆ వెంట్రుక నాదో, మా అత్తగారిదో, ఇంకెవరిదో తెలీదు. ఎవరిదైనా మా ఇంట్లోంచే వెళ్ళింది. పళ్ళు లేని ముసలివాళ్ళకీ, అప్పుడే తినడం నేర్చుకున్న చంటిపిల్లలకీ నోట్లో పెట్టే తీపి ఇది.

మాది ఆత్రేయపురం దగ్గర కాలువ గట్టు ఊరు. పుట్టిందీ మెట్టిందీ ఇక్కడే, అందుకే షెడ్డులో అందరూ నాకు పిన్నో వదినో అవుతారు. మా అత్తగారు పెళ్ళై వచ్చిన దగ్గర్నుంచీ రేకులు తీస్తున్నారు. ఇప్పుడు ఇంటి వెనక రేకుల షెడ్డులో నాతో కలిపి తొమ్మిదిమందిమి. 2023లో ఆత్రేయపురం పూతరేకుకి భౌగోళిక గుర్తింపు వచ్చాక ఆర్డర్లు పెరిగాయి. శనివారాలు వాడపల్లి వెంకన్న దర్శనానికి వచ్చే జనం కూడా దారిలో ఆగి పెట్టెలు కట్టించుకుపోతారు. పని పెరిగినంతగా మా పద్ధతి మారలేదు. అత్తగారు నేర్పినట్టు నేను, నేను చెప్పినట్టు మిగిలినవాళ్ళు, అంతే.

పండగ ఆర్డర్లు ఊళ్ళోవీ చుట్టుపక్కలవీ ఎలాగో గట్టెక్కించి, కనుమ దాటాక శిక్షణకి వెళ్ళాను. కేంద్ర ఆహార భద్రత సంస్థ వాళ్ళ పద్ధతి ప్రకారం జరిగే శిక్షణ అది, ఫాస్టాక్ అంటారు. లైసెన్సు ఉన్న చోట ఇరవై ఐదుమంది పనివాళ్ళకి ఒకరైనా ఈ శిక్షణ తీసుకున్న సూపర్‌వైజర్ ఉండాలి. సర్టిఫికెట్టు రెండేళ్ళు చెల్లుతుంది. బస్సులో బొబ్బర్లంక మీదుగా, ధవళేశ్వరం ఆనకట్ట దాటి రాజమండ్రి వెళ్ళాను. హాల్లో హోటలు వంటవాళ్ళు, బేకరీ కుర్రాళ్ళు, పెళ్ళిళ్ళకి క్యాటరింగ్ చేసేవాళ్ళు ఉన్నారు. ఆడవాళ్ళం నలుగురమే.

శిక్షణ ఇచ్చే మేడం ముందు ఎవరేం చేస్తారో అడిగారు. నా వంతు వచ్చాక పూతరేకులని చెప్పాను. "ఎలా చేస్తారో చెప్పండి" అన్నారు. చెప్పాను. బియ్యం నానబెట్టి, మెత్తగా రుబ్బి, పలచగా పాలలా కలుపుకుంటాం. వెడల్పాటి కుండని పొయ్యి మీద బోర్లించి కింద ఎండు కొబ్బరాకుల మంట పెడతాం. పలచటి గుడ్డని పిండిలో ముంచి, రెండు చేతులా పట్టుకుని, కాలిన కుండ మీద ఒక్క లాగు లాగితే క్షణంలో పొర కడుతుంది. అంచు పట్టి తీస్తే రేకు. తర్వాత దాన్ని తడిగుడ్డతో మెత్తబరిచి, నెయ్యి రాసి, పంచదారో బెల్లమో చల్లి మడతపెడతాం.

"మడతపెట్టాక మళ్ళీ పొయ్యి మీద పెడతారా?" అని అడిగారు.

"లేదండి, పెట్టెలో సర్దేస్తాం."

ఆవిడ హాలు వైపు తిరిగి, "విన్నారా, పప్పులో పడ్డ క్రిమికి పొయ్యి ఉంది. ఈవిడ చేసే తీపికి చెయ్యి తగిలాక ఇంక నిప్పు లేదు" అన్నారు. పదహారేళ్ళుగా రేకులు తీస్తున్నాను. ఈ మాట నాకు ఒక్కనాడూ తట్టలేదు. మంట ముందు కూర్చుని చేసే పని కదా, అంతా కాలిపోతుందన్న ధైర్యం ఏదో లోపల ఉండేది. ఆ మంటంతా మొదటి క్షణానికే. మిగిలిందంతా చేతులే.

తర్వాత ఆవిడ మా అందరి అరచేతుల్లో నూనెలో కలిపిన దాల్చినచెక్క పొడి వేసి రుద్దుకోమన్నారు. "రోజూ ఎలా కడుగుతారో అలాగే కడిగి రండి" అన్నారు. నేను నీళ్ళతో బాగానే రుద్దుకుని వచ్చాననుకున్నాను. వెలుతురులో చూస్తే గోళ్ళ మూలల్లో, బొటనవేలి వెనక, ఉంగరం కింద ఎర్రటి పొడి అలాగే ఉంది. ఉంగరం తీస్తే దాని చుట్టూ గుండ్రంగా గీత. సబ్బుతో ఇరవై సెకన్లు, అరచేతులు, వెనక్కి తిప్పి చేతి వీపులు, వేళ్ళ సందులు, బొటనవేళ్ళు విడిగా, గోళ్ళ చివర్లు అరచేతిలో రాసుకుంటూ కడిగితే అప్పుడు పోయింది. మా షెడ్డులో నేతి చేతుల్ని బకెట్టు నీళ్ళలో ముంచి కొంగుకి తుడుచుకుంటాం. నెయ్యి ఒట్టి నీళ్ళకి వదలదు. అంటే పొద్దున్నుంచి సాయంత్రం దాకా మా చేతుల మీద ఏముందో అదంతా నేతి కిందే ఉండిపోతోందన్నమాట. నాకు ఒళ్ళు జలదరించింది.

ముక్కులోనూ చర్మం మీదా స్టఫైలోకాకస్ అనే క్రిమి చాలామంది ఆరోగ్యవంతులకి కూడా ఉంటుందట. చీము పట్టిన పుండులో అయితే కుప్పలుగా ఉంటుంది. అది తిండి మీద పెరిగి ఒక విషం విడుస్తుంది. క్రిమి వేడికి చచ్చినా ఆ విషం మరగకాచినా పోదు, తిన్న కొద్ది గంటల్లోనే వాంతులు మొదలవుతాయి. అందుకే వేలు తెగితే నీళ్ళు దిగని పట్టీ వేసి, దాని మీద గ్లవుజు తొడగాలి. బెల్లం, పంచదార పొడిగా ఉన్నంతసేపు క్రిములు అంత తేలిగ్గా పెరగవు, అది మా తీపికున్న రక్ష అని కూడా చెప్పారు. "తడి తగిలిన చోట ఆ రక్ష లేదు" అన్నారు. నాకు వెంటనే మా తడిగుడ్డ గుర్తొచ్చింది. దాని సంగతి తర్వాత చెప్తాను.

ఆ రోజు విన్నవాటిలో నన్ను వదలనిది మేరీ మాలన్ కథ. న్యూయార్కులో వంటమనిషి. ఆవిడకి టైఫాయిడ్ లక్షణాలేవీ లేవు, మనిషి దిట్టంగా ఉండేది, కానీ ఒంట్లో ఆ క్రిమి ఉంది. ఆవిడ వండిన ఇళ్ళల్లో వరసగా టైఫాయిడ్ వచ్చింది. వేడి వంటల్లో క్రిమి చచ్చేది. పీచ్ పళ్ళు కోసి వేసే ఐస్‌క్రీమ్‌కి నిప్పు లేదు. 1907లో పట్టుకుని ఒక దీవిలో విడిగా ఉంచారు. ఇంక వంట చెయ్యనని మాటిస్తే 1910లో వదిలేశారు. బట్టలుతికే పనిలో చేరింది. అందులో వంటకంటే జీతం తక్కువ. పేరు మార్చుకుని మళ్ళీ వంటలో చేరింది. 1915లో ఒక కాన్పుల ఆసుపత్రిలో పాతికమందికి జబ్బు చేసి ఇద్దరు చనిపోతే మళ్ళీ దొరికింది. 1938లో చనిపోయేదాకా ఆ దీవిలోనే ఉంది. హాల్లో అందరూ "అయ్యో, ఎంతమందికి అంటించిందో" అన్నారు. నాకు మాత్రం బట్టలుతికితే జీతం తక్కువన్న మాట దగ్గరే మనసు ఆగిపోయింది. అది ఎందుకో వారం తిరక్కుండానే తెలిసింది.

ముందు బట్టల సంగతి.

మా షెడ్డులో కొంగు చెయ్యని పని లేదు. చెమట తుడుస్తుంది, చేతులు తుడుస్తుంది, వేడి గిన్నె దింపుతుంది, మధ్యలో వచ్చిన మనవడి ముక్కూ తుడుస్తుంది. అదే కొంగు వంగినప్పుడు జారి బెల్లం పళ్ళెంలో పడుతుంది. నైలాన్ చీర అయితే పొయ్యి దగ్గర ఇంకో భయం. రావులపాలెంలో ఒక టైలరుతో మాట్లాడి తెల్ల నూలు ఏప్రాన్లు కుట్టించాను, భుజాల దగ్గర్నుంచి మోకాళ్ళ కిందికి, చేతులు మోచేతి దాకా. గుండీలు వద్దన్నాను, ఊడి పడతాయి కాబట్టి. పైన జేబు కూడా వద్దన్నాను. జేబుంటే పెన్నో చిల్లరో పెడతారు, వంగగానే జారుతుంది. వెనక ముడి వేసుకునే తాళ్ళు చాలు. మనిషికి మూడు చొప్పున ఇరవై ఏడు కుట్టించాను. ఒంటి మీద ఒకటి, ఉతుకులో ఒకటి, చేతిలో ఒకటి. ఏప్రాన్లు ఎవరూ ఇంటికి తీసుకెళ్ళకూడదని పెట్టాను. ఇంట్లో గేదె దగ్గరా, బస్సులో సీటు మీదా తిరిగొచ్చిన ఏప్రానుకీ మామూలు చీరకీ తేడా ఏముంది? మా పెరట్లోనే ఉతికి ఎండలో ఆరేస్తాం.

టోపీ విషయంలో మొదట పొరపాటు చేశాను. వాడి పారేసే వల టోపీలు తెప్పించాను. కుండ ముందు కూర్చున్నవాళ్ళకి గంటకే తల ఉడికిపోయి, చెమట కారి, చెయ్యి మాటిమాటికీ టోపీ మీదకే వెళ్ళేది. టోపీ సర్దుకున్న చేత్తోనే రేకు తీస్తే టోపీ ఎందుకు? చివరికి పలచటి నూలు గుడ్డతో, చెవుల మీదికి వచ్చేలా, వెనక ముడి కూడా లోపల పట్టేలా సంచిలాంటి టోపీలు కుట్టించాం. లోపలకి మడతేసి నుదుటి దగ్గర ఒక నూలు పట్టీ వేస్తే చెమట అదే పీల్చుకుంటుంది. పని మొదలయ్యే ముందు జడలు దువ్వుకోవడం కూడా షెడ్డు బయటే, ఏప్రాన్ వేసుకోక ముందే. దువ్వుకున్నాక భుజం మీద రాలిన వెంట్రుకలే ఎక్కువ ప్రమాదం. పూలు తీసేసి రావాలన్నాను. కనకాంబరం రేకు ఒకటి పంచదారలో కనబడితే ఎవరికీ అది పువ్వని తెలీదు. బొట్టుబిళ్ళలు కూడా మానేశాం. చెమటకి జిగురు వదిలి రాలిపోతాయి, ఒకసారి మడతలో అంటుకున్న బిళ్ళని నేనే తీశాను. అందరం తిలకం సీసాకి మారిపోయాం.

ఇంతవరకు పెద్ద గొడవ లేదు. గాజుల దగ్గర ఆగిపోయింది.

మట్టిగాజు పగిలితే పెచ్చు సన్నగా, పంచదార పలుకులా మెరుస్తుంది. మింగితే ఏమవుతుందో వేరే చెప్పక్కర్లేదు. గాజుల కింద చెయ్యి కడగడం కూడా కుదరదు. ఇదంతా చెప్పాను. మా వదిన వరసావిడ లేచి నిలబడింది. "గాజులు తీసి బోసి చేతులతో కూర్చోమంటావా? మంచీ చెడ్డా లేదా అమ్మాయ్? నా మొగుడు ఇంటి దగ్గర నిక్షేపంలా ఉన్నాడు" అంది. ఇంకో ఇద్దరు తలూపారు. నాకు ఏం చెప్పాలో తోచలేదు. వాళ్ళ మాట తీసెయ్యలేను, నేనూ ఆ మట్టిలోనే పుట్టాను.

మూల కూర్చుని బెల్లం పొడి జల్లిస్తున్న పెద్దమ్మ తల ఎత్తకుండానే మాట్లాడింది. ఆవిడ భర్త పోయి పన్నెండేళ్ళు. "నా చేతులకి గాజుల్లేవు. పన్నెండేళ్ళుగా ఈ చేతులతో రేకు తీస్తన్నాను. ఊళ్ళో పెళ్ళిళ్ళకీ, సీమంతాలకీ అందరూ నా రేకే తిన్నారు. ఎవరికన్నా చెడు జరిగిందా?"

ఎవరూ మాట్లాడలేదు. జల్లెడ చప్పుడొక్కటే వినబడింది. మర్నాడు పొద్దున్న వదినే అందరికంటే ముందొచ్చింది. గుమ్మం పక్కన లక్ష్మీదేవి పటం కింద చెక్కకి మేకులు కొట్టించి, గాజులు తీసి దానికి తగిలించి లోపలికి వచ్చింది. సాయంత్రం వెళ్ళేటప్పుడు చేతులు కడుక్కుని మళ్ళీ తొడుక్కుంది. ఇప్పుడు తొమ్మిది మేకులున్నాయి. పెద్దమ్మ మేకుకి ఆవిడ కళ్ళజోడు తాడు వేలాడుతుంది. పుస్తెలు జాకెట్టు లోపలికి వేసుకుంటాం, పిన్నీసులు మాత్రం ఎక్కడా పెట్టుకోం.

గ్లవుజులకి మాత్రం నేను అనుకున్నంత విలువ లేదని తేలింది. కుండ దగ్గర ప్లాస్టిక్ గ్లవుజు వేస్తే వేడికి మెత్తబడి అంటుకుంటుంది, ప్రమాదం. మడతపెట్టే చోట వేస్తే, గ్లవుజు ఉంది కదా అన్న ధీమాతో అదే చేత్తో ఫోను ఎత్తుతారు, పీట జరుపుతారు, తలుపు తీస్తారు. కడగని గ్లవుజు కంటే కడిగిన చెయ్యి నయం. అందుకని కుండ దగ్గర కడిగిన ఒట్టి చేతులు, మడత దగ్గర గ్లవుజులు, బల్ల దగ్గర్నుంచి లేస్తే ఆ జత పారేసి కొత్తవి. ఫోన్లు గుమ్మం దగ్గర డబ్బాలో. గోళ్ళు కత్తిరించే కట్టర్ పంపు పక్కన తాడుతో కట్టి ఉంచాను.

ఇంకొకటి ఎవరూ చెప్పలేదు, నేనే గమనించాను. మేం నేల మీద పీటలేసుకుని కూర్చుంటాం. ఒక కాలు మడిచి, ఒక కాలు చాపి, పళ్ళెం మోకాలి పక్కనే. అంటే పాదానికీ రేకుకీ మధ్య జానెడు దూరం. దోమ కుడితే కాలు గోక్కుని, అదే చేత్తో మళ్ళీ మడత. టోపీలు, ఏప్రాన్లు ఎన్ని వేసినా ఇది మారకపోతే లాభం లేదనిపించింది. మడతపెట్టే పని మొత్తం నడుమెత్తు స్టీలు బల్ల మీదకి మార్చాను, ఎత్తు స్టూళ్ళు వేశాను. మొదటి వారం నడుములు నొప్పులన్నారు. తర్వాత మోకాళ్ళ నొప్పులు తగ్గాయని వాళ్ళే చెప్పారు. చెప్పులు గుమ్మం బయట వదిలి లోపల వేసుకోవడానికి విడిగా రబ్బరు చెప్పులు పెట్టాను. పంపు మోచేత్తో తిప్పే పొడుగు పిడిది పెట్టించాను, ఆసుపత్రుల్లో ఉంటుందే, అలాంటిది. కడిగిన చేత్తో మళ్ళీ మురికి పిడి పట్టుకోనక్కర్లేకుండా.

ఇక తడిగుడ్డ. రేకుని మెత్తబరిచే ఆ గుడ్డ పొద్దున్న ఒకసారి తడిపితే సాయంత్రం దాకా అదే. బల్ల తుడిచేది అదే, చెయ్యి తుడిచేది అదే. శిక్షణ నుంచి వచ్చిన మర్నాడు సాయంత్రం దాన్ని ముక్కు దగ్గర పెట్టుకుని చూశాను. పులిసిన వాసన. పొద్దున్నుంచి వేల రేకుల మీద ఆడిన గుడ్డ అది. ఇప్పుడు రేకుకి జానెడు చదరపు తెల్ల గుడ్డలు, గంటకొకటి మారుస్తాం. బల్లకి నీలం గుడ్డలు. చేతులకి విడిగా చిన్న నూలు ముక్కలు, ఒకసారి తుడుచుకుంటే బుట్టలోకే. తెల్ల గుడ్డలు రాత్రికి మరిగే నీళ్ళలో ఉడకబెట్టి ఎండలో ఆరేస్తాం. వానాకాలం ఎండ లేనప్పుడు పొయ్యి వేడికి ఆరబెడతాం, తడిగా మడిచి పెట్టం.

అప్పుడు డాక్టరు దగ్గరికి వెళ్ళాం. ఆహార భద్రత చట్టం 2006 నాటిది. దాని కింద 2011లో వచ్చిన నిబంధనల్లో నాలుగో షెడ్యూలు ఉంది. పనివాళ్ళ శుభ్రత, బట్టలు, ఆరోగ్యం గురించి అందులోనే ఉంటుంది. ఏడాదికోసారి పరీక్ష చేయించి కాగితం దగ్గర పెట్టుకోవాలి. ఒళ్ళు, కళ్ళు, చర్మం చూస్తారు, టైఫాయిడ్ లాంటి పేగు జబ్బులకి టీకా వేయించారా లేదా చూస్తారు, అనుమానం ఉంటే అంటువ్యాధి పరీక్షలు రాస్తారు. అందరం రెండు ఆటోల్లో వెళ్ళాం. పిన్ని ఒక్కతే చివరిదాకా లోపలికి వెళ్ళలేదు. ఒంట్లో బాలేదంది, ఇంకో రోజు వస్తానంది. చివరికి నేనే చెయ్యి పట్టుకుని తీసుకెళ్ళాను. డాక్టరుగారు చేతులు చాపమన్నారు. కుడి చేతి వేళ్ళ సందుల్లో తామర. చుట్టూ ఎర్రగా, పొట్టు లేచి ఉంది. "ఎన్నాళ్ళయింది?" అంటే పిన్ని నా వైపు చూసింది. మూడు నెలలట. ముగ్గుపిండి రాసి కనబడకుండా పనిచేసిందట.

బయటికొచ్చాక ఆటోలో ఏడ్చేసింది. "చెప్తే నువ్వు ఇంటి దగ్గర ఉండమంటావు. రేకుల లెక్కన కూలి కదమ్మా, చెయ్యి ఆడకపోతే ఇంట్లో గంజి ఆగిపోద్ది. చంటోడి స్కూలు ఫీజు ఎవరు కడతారు?" అంది.

అప్పుడు నాకు ఆ న్యూయార్కు వంటమనిషి గుర్తొచ్చింది. నేను నోటితో "జబ్బుంటే చెప్పండి" అంటున్నాను, నా లెక్కల పుస్తకం మాత్రం "చెప్తే ఆకలే" అంటోంది. రేకుకింత అని కూలి కట్టింది నేనే. పుండు దాచమని ఆవిడకి నేర్పింది నా పద్ధతే. తొమ్మిది టోపీలకీ ఇరవై ఏడు ఏప్రాన్లకీ డబ్బు పెట్టినదాన్ని, ఈ సంగతి ఆలోచించలేదు.

ఆ రాత్రి మా అత్తగారితో, మా ఆయనతో కూర్చుని లెక్కవేశాం. చేతికి పుండో తామరో ఉంటే తగ్గేదాకా తినే సరుకు ముట్టుకోకూడదు, మూతబడ్డ పెట్టెల మీద లేబుళ్ళు అంటించడం, అట్టపెట్టెలు మడవడం, లెక్క రాయడం చెయ్యాలి, కూలి మాత్రం అంతకు ముందు నెల సగటు లెక్కనే. వాంతులు, విరేచనాలు, జ్వరం, కామెర్లు అయితే షెడ్డుకే రాకూడదు. విరేచనాలు ఆగాక ఇంకా రెండు రోజులు ఇంటి దగ్గరే. ఆ రోజులకీ కూలి ఇస్తాం. మా ఆయన "ఇలా అయితే ఊరికే సెలవులు పెడతారేమో" అన్నారు. అత్తగారు "పెడితే పెడతారు. కడుపు నొప్పితో మడిచిన రేకు నేను అమ్మను" అన్నారు. పెట్టెకి కొద్దిగా రేటు పెంచాం. షాపు యజమానికి కారణం చెప్పాను, ఆయన కాదనలేదు. పిన్నికి డాక్టరుగారు రాసిన మందుతో చెయ్యి పూర్తిగా నయమవడానికి నెల దాటింది. ఆ నెలంతా పెట్టెల దగ్గర కూర్చుంది.

మార్చిలో షాపు తరపు మనిషి వచ్చారు. మా ఆహార భద్రత రిజిస్ట్రేషన్ కాగితం, దాని మీది పద్నాలుగు అంకెల నంబరు, పెట్టె మీద అచ్చువేసిన నంబరు ఒకటేనా అని సరిచూశారు. సర్టిఫికెట్లు చూశారు. తర్వాత షెడ్డులోకి నడవబోతుంటే గుమ్మం దగ్గర పెద్దమ్మ చెయ్యి అడ్డం పెట్టింది. "ఆయ్, ఆగండి బాబూ. చెప్పులు అక్కడ. ఇదుగో టోపీ. చేతులు కడుక్కుని, ఆ వాచీ కూడా ఇక్కడ పెట్టి రండి." ఆయన ఒక్క క్షణం నిలబడిపోయి, వాచీ విప్పి మేకుకి తగిలించి లోపలికి వచ్చారు. మడత బల్ల మీద మా మంచినీళ్ళ సీసాలు పెట్టుకోవడం ఒకటి తప్పు పట్టారు. నిజమే, నోటికి పెట్టిన సీసా రేకుల పక్కన ఎందుకు? బయట అరుగు మీద పెట్టడం అలవాటు చేసుకున్నాం. ఉగాదికి ఆర్డరు వచ్చింది.

మొన్న ఆషాఢంలో, ముసురు పట్టిన రోజు, తెల్లారకుండానే పిన్ని ఫోన్ చేసింది. "అమ్మాయ్, రాత్రి నాలుగుసార్లు వెళ్ళాను. ఇవాళ రాను, రేపూ రాను. తగ్గాక రెండు రోజులు చూసుకుని వస్తాను" అంది. ఆ మాట చెప్పడానికి గొంతు తడబడలేదు. మజ్జిగలో ఉప్పేసుకుని తాగు, తగ్గకపోతే డాక్టరుకి చూపించుకో అన్నాను. పుస్తకం తీసి ఆవిడ పేరు ఎదురుగా రాలేదని రాసి, పక్కన కూలి వేశాను. పుస్తకం మూసి, గాజులు తీసి నా మేకుకి తగిలించి, చేతులు కడుక్కోవడానికి పంపు దగ్గరికి వెళ్ళాను.